దక్కన్ దారుల్లో – 6: గోదావరి గట్టున ఆగిన గుర్రాలు

గత భాగంలో ఔరంగజేబు కథ అహ్మద్‌నగర్ డేరాల్లో ముగిసింది. దక్కన్‌ను లొంగదీసుకోవాలని వచ్చి పాతికేళ్లు ఇక్కడే యుద్ధాలు చేసిన ఆ ముసలి చక్రవర్తి, ఢిల్లీ మొహం మళ్లీ చూడకుండానే 1707 మార్చిలో కన్నుమూశాడు. ఖుల్దాబాద్‌లో ఆయన సమాధి మీద మట్టి ఆరకముందే ముగ్గురు కొడుకులూ కత్తులు దూశారు. జూన్‌లో ఆగ్రా దగ్గరి జాజౌ మైదానంలో పెద్దవాడు మువజ్జం, తమ్ముడు ఆజంను ఓడించి బహదూర్ షా పేరుతో గద్దెనెక్కాడు. ఆజం ఆ యుద్ధంలోనే చనిపోయాడు. ఆఖరివాడు కాంబక్ష్ మాత్రం బీజాపూర్, హైదరాబాద్ సీమలు తనవేనంటూ ఇక్కడ రాజై కూర్చున్నాడు.

ఈ అన్నదమ్ముల పోరులో ఒక ఉత్తరం సంగతి మరుగున పడిపోయింది. దక్కన్ చరిత్రలో ఒక పెద్ద మలుపు ఆ ఉత్తరంతోనే మొదలవుతుంది.

జవాబు రాని ఉత్తరం

ఔరంగజేబు ఇంకా బతికున్న రోజుల్లో పంజాబు నుంచి ఇద్దరు మనుషులు దేశమంతా దాటుకుని అహ్మద్‌నగర్ చేరారు. ఒకరు దయా సింగ్, ఇంకొకరు ధరమ్ సింగ్. వాళ్ల దగ్గర పారశీక పద్యాల్లో రాసిన ఒక లేఖ ఉంది. దాని పేరు జఫర్‌నామా, అంటే విజయలేఖ. రాసింది సిక్కుల పదో గురువు గోబింద్ సింగ్.

పేరు విజయలేఖే గానీ, అది రాసేనాటికి ఆయనకు మిగిలింది చాలా తక్కువ. 1704 చలికాలంలో మొగలు సేనలు, కొండరాజుల సేనలు కలిసి ఆనంద్‌పూర్ కోటను చుట్టుముట్టాయి. నెలల తరబడి తిండిగింజలు అందనివ్వలేదు. చివరకు, కోట వదిలి వెళ్తే ఏ హానీ చెయ్యమని ప్రమాణాలు చేశారు. నమ్మి బయటికి రాగానే వెంటపడ్డారు. పొంగిపొర్లుతున్న సర్సా నది దగ్గర గురువు కుటుంబం చెల్లాచెదురైంది. చమ్‌కౌర్‌లో ఒక మట్టికోట లాంటి ఇంట్లో నిలబడి పోరాడుతూ పెద్దకొడుకులు అజిత్ సింగ్, జుఝార్ సింగ్ నేలకొరిగారు. పదేళ్లు కూడా నిండని చిన్నకొడుకులు జోరావర్ సింగ్, ఫతే సింగ్ సిర్హింద్ ఫౌజుదారు వజీర్ ఖాన్ చేతికి చిక్కారు. మతం మారమంటే మారలేదు. ఆ పిల్లల్ని గోడలో పెట్టి ఇటుకలు పేర్పించారు. మనవల్ని కనిపెట్టుకుని ఉన్న నాయనమ్మ మాతా గుజరీ కూడా ఆ సిర్హింద్‌లోనే ప్రాణం విడిచింది.

నలుగురు కొడుకుల్ని, కన్నతల్లిని పోగొట్టుకున్న మనిషి చక్రవర్తికి రాసిన ఉత్తరం అది. ప్రాణభిక్ష అడగలేదు. మాట తప్పింది మీరు, ఆ మాటకు దేవుడి దగ్గర జవాబు చెప్పుకోవాల్సింది మీరు అని నిలదీశాడు. ఉత్తరం అందాక ఔరంగజేబు మెత్తబడ్డాడని, గురువును కలవడానికి ఒప్పుకున్నాడని చెబుతారు. గురువు దక్షిణానికి బయల్దేరాడు కూడా. రాజపుటానా దారిలో ఉండగానే చక్రవర్తి మరణవార్త ఎదురైంది. న్యాయం అడగాల్సిన మనిషి లేడు. ఇక అడగాల్సింది ఆయన కొడుకుని.

పాదుషా దండుతో

1707 జులైలో ఆగ్రాలో గురు గోబింద్ సింగ్, బహదూర్ షా కలుసుకున్నారు. కొత్త పాదుషా ఆయన్ని మర్యాదగా ఆహ్వానించి ఖిలత్, రత్నాలు పొదిగిన పతకం బహూకరించాడు. ఆ పతకం విలువ 60,000 రూపాయలు. ఈ సంగతి ఎవరో తర్వాత అల్లింది కాదు. ఆ ఏడాది అక్టోబరులో ధౌల్ గ్రామంలోని సిక్కు సంగత్‌కు, అంటే భక్తుల సమూహానికి, గురువే పంపిన హుకుంనామాలో, అంటే ఆజ్ఞాలేఖలో ఉంది. పనులు సవ్యంగా సాగుతున్నాయని, కొద్దిరోజుల్లోనే కహ్లూర్‌కు, అంటే ఆనంద్‌పూర్ సీమకు తిరిగి వస్తామని, అప్పుడు ఖాల్సా, అంటే దీక్ష తీసుకున్న సిక్కులంతా, ఆయుధాలతో రావాలని అందులో రాశాడు.

తిరిగి వస్తాననుకున్నాడు. ఆ నమ్మకంతోనే పాదుషా వెంట నడిచాడు.

పాదుషా మాత్రం వాయిదాల మీద వాయిదాలు వేశాడు. వజీర్ ఖాన్ మీద చర్య తీసుకుంటే పంజాబులో తన ఫౌజుదార్లు ఏమనుకుంటారో అన్న భయం ఒకవైపు. రాజపుటానాలో తిరుగుబాట్లు మరోవైపు. అన్నిటికీ మించి హైదరాబాదులో తమ్ముడు కాంబక్ష్. ఇంటి గొడవ తేలకుండా సిర్హింద్ గొడవ నెత్తిన వేసుకోవడం ఆయనకు ఇష్టం లేదు. ఆగ్రా నుంచి అంబేర్, అక్కణ్ణుంచి దక్షిణానికి మళ్లి 1708 ఎండాకాలంలో నర్మద దాటి, బుర్హాన్‌పూర్ మీదుగా దండు గోదావరి వైపు కదిలింది. దారి పొడుగునా గురువు కొన్నాళ్లు దండుతో నడవడం, కొన్నాళ్లు విడిగా ఊళ్లలో ఆగి సంగత్‌లను కలుసుకోవడం, మళ్లీ వచ్చి కలవడం జరిగింది. ఆయన వెంట రెండు మూడు వందల మంది బల్లెం రౌతులు, కాల్బలం ఉన్నట్టు మొగలు చరిత్రకారుడు ఖాఫీ ఖాన్ రాశాడు. గురువు పాదుషా కొలువులో చేరాడని పారశీక చరిత్రల మాట. స్వతంత్రంగానే ప్రయాణించాడని సిక్కు సంప్రదాయం మాట. ఎలా వెళ్లినా, అడిగిన న్యాయం మాత్రం ఆయనకు దక్కలేదు.

మొగలు దండు కదిలిందంటే ఒక పట్నమే లేచి నడిచినట్టు. ముందు ఏనుగుల మీద డేరాలు, వెనక ఫిరంగులు, ఆ వెనక బజారు. దండుకు గింజలు మోసేది బంజారాలు. తెలుగునాట లంబాడీలుగా మనకు తెలిసినవాళ్లే. వేలాది ఎడ్ల మీద ధాన్యం, ఉప్పు వేసుకుని సేన ఎటు కదిలితే అటు వాళ్లూ కదిలేవాళ్లు. వీళ్లతో సిక్కులకు పాత చుట్టరికం ఉంది. 1675లో ఢిల్లీ చాందినీ చౌక్‌లో తొమ్మిదో గురువు తేగ్ బహదూర్ తల నరికించినప్పుడు, మొండేన్ని గుట్టుగా తీసుకెళ్లి, తన ఇంటికే నిప్పుపెట్టి దహనం చేసినవాడు లఖీ షా అనే బంజారా వర్తకుడు. ఆ తేగ్ బహదూర్ కొడుకే ఇప్పుడు బంజారాల ఎడ్ల గంటలు వింటూ దక్కన్ దారి పట్టాడు.

గురువు డేరా దగ్గర దినచర్య మాత్రం పంజాబులో ఎలా ఉండేదో అలాగే ఉండేది. వేకువన ఆసా దీ వార్ కీర్తన. పొద్దుగూకితే రెహ్‌రాస్ ప్రార్థన. మధ్యలో లంగర్, వచ్చినవాళ్లు వచ్చినట్టే ఒకే వరసలో కూర్చుని తినడం.

నది దాటే ఊరు

1708 వానాకాలంలో గుర్రాలు నాందేడ్ చేరాయి.

అప్పటి నాందేడ్ అనామకమైన ఊరు కాదు. షాజహాన్ కాలంలో మొగలులు దక్కన్‌ను నాలుగు సుబాలుగా విడగొట్టినప్పుడు అందులో ఒకదానికి ‘తెలంగాణ’ అని పేరు పెట్టారు. దాని ముఖ్యపట్టణం నాందేడే. సన్నని పాగా గుడ్డ నేసే సాలెవాళ్ల ఊరు. గోదావరి పొడుగునా ఘాట్లు, గుళ్లు, దర్గాలు, సాధువుల మఠాలు. ఉత్తరం నుంచి హైదరాబాదు వెళ్లే దండు ఇక్కడ నది దాటాలి. గోదారికి వరద తగ్గేదాకా ఎంతటి పాదుషా అయినా ఆగాల్సిందే.

ఇక్కణ్ణుంచి నది కిందికి దిగితే కందకుర్తి దగ్గర తెలుగునేలలో అడుగుపెడుతుంది. బీదర్ సీమ మీదుగా వచ్చే మంజీర అక్కడే వచ్చి కలుస్తుంది. ఆ బీదర్ పేరు గురువుకు కొత్తది కాదు. 1699 వైశాఖి నాడు ఆనంద్‌పూర్‌లో కత్తి దూసి, తల ఇచ్చేవాళ్లు ఎవరని అడిగినప్పుడు ఒకరి తర్వాత ఒకరు లేచి నిలబడ్డ ఐదుగురిలో ఒకడు బీదర్ మంగలి. పేరు సాహిబ్. లాహోరు, హస్తినాపురం, జగన్నాథపురి, ద్వారక, బీదర్ – ఐదుగురూ ఐదు మూలల నుంచి వచ్చినవాళ్లు. సాహిబ్ సింగ్ చమ్‌కౌర్‌లో చనిపోయాడు. ఆయన పుట్టిన సీమకు పొరుగునే ఇప్పుడు గురువు డేరా వేశాడు. ఆ ఐదుగురిలో మిగిలిన ఇద్దరు, జఫర్‌నామా మోసుకెళ్లిన దయా సింగ్, ధరమ్ సింగ్, ఆయన పక్కనే ఉన్నారు.

ఆ నెలల జ్ఞాపకాలు నాందేడ్ ఘాట్లకు పేర్లుగా మిగిలాయి. ఒక భక్తుడు తెచ్చిచ్చిన రత్నాన్ని గురువు ఏటిలోకి విసిరేసిన చోటు నగీనా ఘాట్ అంటారు. నివ్వెరపోయిన మనిషికి నీళ్లలో అలాంటివే కుప్పలుగా కనిపించాయని జనశ్రుతి. వేటాడిన చోటు శికార్ ఘాట్. హీరా ఘాట్‌కూ ఒక వజ్రం కథ ఉంది. కథలు ఒకరు చెప్పినట్టు ఇంకొకరు చెప్పరు. ఒక్క ఘాట్ కథ మాత్రం పంజాబు చరిత్రనే మార్చేసింది.

మాధోదాస్ మంచం

నాందేడ్‌లో గోదావరి గట్టున ఒక బైరాగి మఠం ఉండేది. ఆ బైరాగి పేరు మాధోదాస్. అసలు పేరు లక్ష్మణదేవ్, 1670లో కాశ్మీరు కొండల కిందున్న రాజౌరిలో పుట్టాడు. కుర్రతనంలో వేట పిచ్చి. ఒకసారి బాణం దెబ్బకు పడిన లేడి చూలుదని, కడుపులో పిల్లలు చచ్చిపోవడం చూసి మనసు విరిగిందని చెబుతారు. ఇల్లు వదిలి, సన్యాసం పుచ్చుకుని, నాసిక్ పంచవటిలో ఉండి చివరకు నాందేడ్ చేరాడు. మంత్రతంత్రాల్లో దిట్ట అని పేరు. వచ్చిన సాధువుల్ని తన మంచం మీద కూర్చోబెట్టి, మంత్రంతో మంచం తలకిందులు చేసి నవ్వుకునేవాడని ఊళ్లో చెప్పుకునేవాళ్లు.

గురు గోబింద్ సింగ్ ఆ మఠానికి వెళ్లేసరికి మాధోదాస్ లేడు. గురువు పోయి ఆ మంచం మీదే కూర్చున్నాడు. బైరాగి వచ్చాడు, మండిపడ్డాడు, తన విద్యలన్నీ ప్రయోగించాడు. మంచం కదల్లేదు. నువ్వెవరివని గురువు అడిగితే, నీ బందాని అన్నాడట. బందా అంటే దాసుడు. ఆ మాటే పేరైంది. ఖాల్సా దీక్షగా ఇచ్చే అమృతం పుచ్చుకుని మాధోదాస్ బందా సింగ్ అయ్యాడు.

మంచం కథ ఎలాగున్నా, తర్వాత జరిగింది చరిత్ర. ఇంకా ఎంతకాలం పాదుషా నిర్ణయం కోసం చూడాలి? గురువు ఆ ఆశ వదిలేసుకున్నట్టే ఉంది. బందాకు తన అమ్ములపొదిలోని ఐదు బాణాలు, ఒక జెండా, నగారా ఇచ్చాడు. సలహా చెప్పడానికి ఐదుగురు సిక్కుల్ని, వెంట ఇంకొంతమందిని తోడిచ్చాడు. పంజాబు సంగత్‌లకు హుకుంనామాలు రాసిచ్చి ఉత్తరానికి పంపించాడు. గోదావరి గట్టున తపస్సు చేసుకునే మనిషి ఏడాదిన్నర తిరిగేసరికి, 1710 మేలో, చప్పర్‌చిరీ దగ్గర వజీర్ ఖాన్‌ను ఓడించి సిర్హింద్‌ను పట్టుకున్నాడు. వజీర్ ఖాన్ ఆ యుద్ధంలోనే చచ్చాడు.

ఆ వార్త వినడానికి గురువు లేడు.

రాత్రి డేరాలో

పాదుషాతో గురువు స్నేహం సాగుతున్నన్నాళ్లూ సిర్హింద్‌లో వజీర్ ఖాన్‌కు కంటి మీద కునుకు లేదు. ఆయనే ఇద్దరు పఠానుల్ని నాందేడ్ పంపాడని సిక్కు సంప్రదాయం చెబుతుంది. వాళ్లు కొన్నాళ్లు గురువు డేరాకు వస్తూ పోతూ, నలుగురితో పాటు ప్రసాదం తీసుకుంటూ చనువు పెంచుకున్నారు. ఒక సాయంత్రం రెహ్‌రాస్ అయ్యాక గురువు ఒంటరిగా నడుం వాల్చినప్పుడు జంషేద్ ఖాన్ అనేవాడు గుండె కిందుగా కత్తి దింపాడు. రెండో పోటు పడేలోపు గురువు తన కత్తితో వాణ్ణి నరికేశాడు. పారిపోబోయిన రెండోవాణ్ణి బయటున్న సిక్కులు చంపేశారు.

పాదుషా తన వైద్యుణ్ణి పంపించి గాయానికి కుట్లు వేయించాడు. గాయం మానుతున్నట్టే కనిపించింది. కొన్నాళ్లకు ఎవరో ఒక గట్టి వింటిని తెచ్చి చూపించారు. గురువు దాన్ని ఎక్కుపెట్టి లాగాడు. కుట్లు తెగిపోయాయి. ఈసారి రక్తం ఆగలేదు.

మొగలు దర్బారు రోజువారీ వార్తాపత్రాల్లో ఈ సంఘటన నీడలు కనిపిస్తాయి. గురువు చేతిలో చచ్చిపోయిన జంషేద్ ఖాన్ కొడుక్కి సంతాప వస్త్రాలు ఇప్పించిన సంగతి అందులో ఉంది. గురువు పోయాక ఆయన వదిలిన సామాను ఏంచెయ్యాలని అధికారులు అడిగిన సంగతీ ఉంది. ఫకీర్ల సొత్తు ముట్టుకోవద్దని పాదుషా జవాబు. రెండు పడవల మీద కాళ్లు పెట్టిన మనిషి రాజకీయం ఈ రెండు ఉత్తర్వుల్లోనే తెలిసిపోతుంది.

ఐదు పైసలు, ఒక కొబ్బరికాయ

ఇప్పుడు అందరి మనసుల్లోనూ ఒకటే ప్రశ్న. తర్వాతి గురువు ఎవరు?

అంతకుముందు ఈ ప్రశ్న వచ్చిన చాలాసార్లు ఇల్లు చీలింది. ఐదో గురువు అర్జున్‌కు గద్దె దక్కితే అన్న పృథీచంద్ జీవితాంతం పగబట్టాడు. ఏడో గురువు అన్న ధీర్‌మల్, కొడుకు రామ్‌రాయ్ వేరే గద్దెలు పెట్టుకున్నారు. గురువు పేరు చెప్పి కానుకలు వసూలు చేసే మసందులు కొందరు జనాన్ని పీడిస్తుంటే గురు గోబింద్ సింగ్ ఆ వ్యవస్థనే రద్దు చేశాడు. మనిషి చేతిలో గద్దె ఉన్నంతకాలం దాని చుట్టూ ఆశ, అసూయ, దర్బారు కుట్ర తిరుగుతూనే ఉంటాయని ఆయనకు అనుభవమే నేర్పింది. కొడుకులు నలుగురూ లేరు. పెంపుడు వారసులు, బంధువులు రేపు గద్దె కోసం వస్తారు. నిజంగానే ఆయన పోయాక అలాంటి వాదనలు లేచాయి, నిలబడలేదు.

నిలబడకపోవడానికి కారణం నాందేడ్‌లో ఆయన చేసిన పని. 1708 అక్టోబరు మొదటివారంలో ఒకరోజు సిక్కుల పవిత్ర గ్రంథం గ్రంథ్ సాహిబ్‌ను తెప్పించి పీఠం మీద ఉంచాడు. దాని ముందు ఐదు పైసలు, ఒక కొబ్బరికాయ పెట్టాడు. ప్రదక్షిణ చేసి తల వంచాడు. మొదటి గురువు నానక్ తన శిష్యుడు లెహ్‌ణాకు గురుత్వం ఇచ్చినప్పుడు చేసిన పనే ఇది. తర్వాతి గురువుల విషయంలోనూ ఆ ఆచారమే సాగింది. పదో గురువు ఆ కొబ్బరికాయను ఒక గ్రంథం ముందు పెట్టాడు. ఇకమీదట మనిషి రూపంలో గురువు ఉండడు, గ్రంథమే గురువు, నిర్ణయాలు ఖాల్సా కలిసి తీసుకోవాలి. అక్టోబరు 7న ఆయన కన్నుమూశాడు. వయసు 41.

ఆ గ్రంథంలో ఏముందో చూస్తే గోదావరి గట్టున జరిగిన ఆ పని లోతు ఇంకా తెలుస్తుంది. 1604లో గురు అర్జున్ కూర్చిన గ్రంథానికి తేగ్ బహదూర్ పాటలు చేరిన రూపం అది. అందులో గురువుల పదాలే కాదు, సాలె కబీరు, తోలుపని రవిదాసు, సూఫీ షేక్ ఫరీదు పదాలూ ఉన్నాయి. నామదేవుడివి 61 ఉన్నాయి. ఆ నామదేవుడు, బట్టలు కుట్టే కులంలో పుట్టిన మరాఠీ భక్తుడు, నాందేడ్‌కు ఎంతో దూరంలేని నర్సి ఊళ్లో పుట్టాడని అక్కడి సంప్రదాయం. ఆ సీమ దర్జీ పాడిన పాట పంజాబు దాకా పోయి, గ్రంథంలో చేరి, మూడు నాలుగు వందల ఏళ్లకు గురువుగా ఆ సీమకే తిరిగొచ్చింది.

వెళ్లినవాళ్లు, ఉండిపోయినవాళ్లు

గురువు చితి ఆరాక డేరా రెండుగా చీలింది. పాదుషా దండు నది దాటి హైదరాబాదు వెళ్లిపోయింది. 1709 జనవరిలో కాంబక్ష్ ఆ ఊరి శివార్లలో ఓడి, గాయాలతో చనిపోయాడు. సిక్కుల్లో చాలామంది పంజాబు దారి పట్టారు. గురుపత్ని మాతా సాహిబ్ కౌర్‌ను ఆయన ముందే కొన్ని ఆయుధాలు అప్పగించి ఢిల్లీకి పంపేశాడు.

కొందరు మాత్రం కదల్లేదు. దయా సింగ్, ధరమ్ సింగ్ నాందేడ్‌లోనే కన్నుమూశారు. ముక్త్‌సర్ యుద్ధంలో మగవాళ్లతో సమానంగా కత్తి పట్టిన మాయీ భాగో ఆ తర్వాత బీదర్ దగ్గరి జన్‌వాడాలో స్థిరపడింది. లంగర్ ఆగకుండా చూడమని గురువు సంతోఖ్ సింగ్ అనే సిక్కుకు చెప్పాడని సంప్రదాయం. గురువు చితి చోట ఒక అరుగు, పక్కన వంటపొయ్యి. అంతే. పంజాబులో సిక్కుల తలలకు వెల కట్టి వేటాడిన దశాబ్దాల్లో కూడా దూరాన గోదావరి గట్టున ఆ పొయ్యి వెలుగుతూనే ఉంది. ఆ చోటికి అబిచల్ నగర్ అని పేరొచ్చింది, చలించని ఊరు అని అర్థం. భక్తులు గౌరవంగా హజూర్ సాహిబ్ అన్నారు.

పంజాబు నుంచి ఇక్కడికి రెండువేల కిలోమీటర్ల దారి. 1900 ప్రాంతంలో హైదరాబాద్–గోదావరి లోయ రైలుమార్గం పడేదాకా యాత్రికులు నడిచో, బండ్ల మీదో వచ్చేవాళ్లు. వచ్చిపోవడానికి నెలలు పట్టేది. కొందరు తిరిగి వెళ్లేవాళ్లు కాదు. తరతరాలుగా ఇక్కడే ఉండిపోయిన కుటుంబాల మాటల్లో పంజాబీతో పాటు దక్కనీ, మరాఠీ, తెలుగు కలిసిపోయాయి. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో వచ్చినవాళ్లలో నిధాన్ సింగ్ అనే మాజీ రౌతు ఒకరు. సేవ చేసి చేసి, ఇక తిరిగి పోదామని రైల్వే స్టేషన్ దాకా వెళ్లి, అక్కడ గురువు దర్శనం కలిగిందని వెనక్కి తిరిగాడంటారు. ఆయన పెట్టిన లంగర్ సాహిబ్‌లో ఇవాళ్టికీ పొయ్యి ఆరదు.

తెల్లవారుజామున బిందె

సిక్కు యాత్రలో ఒక చిక్కుముడి ఉంది. తీర్థాల్లో మునిగినంత మాత్రాన మనసు మురికి పోదని చెప్పినవాడు గురు నానక్. హరిద్వార్‌లో జనం తూర్పుకు తిరిగి పితృదేవతలకు నీళ్లు వదులుతుంటే ఆయన పడమటికి చల్లాడని, మీ నీళ్లు పైలోకాలకు అందితే నావి పంజాబులో నా పొలానికి అందవా అన్నాడని కథ. ఆ నానక్ శిష్యులు రెండువేల కిలోమీటర్లు ఎందుకు నడిచారు?

హజూర్ సాహిబ్‌లో అడుగుపెడితే జవాబు కట్టడంలోనే కనిపిస్తుంది. లోపలి గది పేరు అంగీఠా సాహిబ్, గురువు చితి వెలిగిన చోటు. అందులోకి జథేదారు తప్ప ఎవరూ పోరు. ఆ జథేదారు ఆజన్మ బ్రహ్మచారి అయి ఉండాలి. రాత్రి రెండో జామో మూడో జామో దాటాక, ఊరంతా నిద్రలో ఉండగా, ఒక సిక్కు సేవకుడు గోదావరికి వెళ్లి బిందెతో నీళ్లు తెస్తాడు. గాగర్ మోసే ఆ మనిషిని గాగరియా సింగ్ అంటారు. ఆ నీళ్లతోనే అంగీఠాను కడుగుతారు. ఎండాకాలంలో ఏరు సన్నగిల్లినా, వానాకాలంలో గట్టు మునిగినా ఈ నీళ్ల సేవ తప్పదు. సాయంత్రం దీపాలతో ఆరతి అయ్యాక గురువు ఆయుధాలు ఒక్కొక్కటే బయటికి తీసి చూపిస్తారు. కత్తులు, డాలు, విల్లు, బాణాలు. చివరి కుట్లు తెంపిన విల్లు గుర్తొచ్చి ముందువరసలో నిలబడ్డ ముసలివాళ్లు కళ్లు తుడుచుకుంటారు.

పగటివేళ మాత్రం ఆ మూసిన గది ముందు కొలువు తీరి ఉండేది గురు గ్రంథ్ సాహిబ్. ఇక్కడ పదో గురువు రచనలుగా చెప్పే దశమ గ్రంథాన్నీ పక్కన ప్రతిష్ఠిస్తారు. గురువు దేహం కాలిన చోటు వెనక ఉంది, గురువు మాట ముందు ఉంది. చూడటానికి వచ్చిన మనిషి తల వంచేది ముందున్న మాటకే. గురువు ఎక్కడ ఉన్నాడో వెతుక్కుంటూ ఇంతదూరం వచ్చిన యాత్రికుడికి, ఊళ్లోని చిన్న గురుద్వారాలో రోజూ వింటున్నదే ఇక్కడా వినిపిస్తుంది. అదే ఇక్కడి దర్శనం. సిక్కుల ఐదు తఖ్తుల్లో, అంటే అధికార పీఠాల్లో, ఒకటిగా హజూర్ సాహిబ్ నిలిచింది ఆ 1708 నిర్ణయం బలంతోనే.

ఇవాళ అమృత్‌సర్ నుంచి వచ్చే సచ్‌ఖండ్ ఎక్స్‌ప్రెస్‌లో ప్రయాణికులు ఇంటి నుంచి ఖాళీ గిన్నెలు తెచ్చుకుంటారు. దారిలో స్టేషన్లలో సేవకులు లంగర్ పప్పు, అన్నం, రొట్టెలు ఉచితంగా పెడతారు. టికెట్ కొన్నవాడు ఏ మతమని అడిగేవాళ్లు లేరు. 2008లో గురుతా గద్దీకి, అంటే గ్రంథానికి గురుత్వం ఇచ్చిన ఘట్టానికి, మూడు వందల ఏళ్లు నిండినప్పుడు ఊరు ఊరంతా ముస్తాబై లక్షలాది యాత్రికుల్ని మోసింది. హోలా, దసరా పండుగలకు గురువు గుర్రాల సంతతిగా చెప్పే గుర్రాలు ఊరేగింపులో ముందు నడుస్తాయి. వాటి మీద ఎవరూ ఎక్కరు.

ఇంతకీ ఇవాళ కనిపించే ఆ పాలరాతి, బంగారు గుమ్మటాల కట్టడం ఎవరిది? తన పేర ఎవరూ సమాధి కట్టొద్దని, కట్టినవాడి వంశం నిలవదని గురువు చెప్పాడని సిక్కు సంప్రదాయంలో ఒక మాట ఉంది. నూట పాతికేళ్ల దాకా ఆ అరుగు అరుగుగానే ఉండిపోయింది. 1832లో ఆ మాట తెలిసీ లాహోరు నుంచి ఒంటికన్ను మహారాజు రంజిత్ సింగ్ మేస్త్రీలను, బంగారాన్ని గోదావరికి పంపించాడు. నిజాం రాజ్యంలో పనికి దారి సుగమం చేసినవాడు, నానక్‌ను కొలిచే ఖత్రీ కుటుంబంలో పుట్టిన దివాన్ చందూలాల్. అదే కాలంలో లాహోరు నుంచి వచ్చిన సిపాయిలు హైదరాబాదులో అత్తాపూర్ దగ్గర బరంబాలాలో ఛావనీ వేసుకున్నారు. వాళ్ల మునిమనవళ్లు ఇవాళ తెలుగులో బేరాలాడుతున్నారు. కట్టడం పూర్తయిన పన్నెండేళ్లకు లాహోరు రాజ్యమే లేకుండా పోయింది. మేస్త్రీలు, దివాను, లాహోరీ ఫౌజు – ఆ ముగ్గురి కథ వచ్చే భాగంలో.